పేట నుంచి దండుకు: రెండు ఊళ్ల బెంగళూరును నడిచి చూడడం ఎలా

మా నాయనమ్మ నోట బెంగళూరు అన్న మాట నేను ఎప్పుడూ వినలేదు. హిందూపురంలో మా ఇంటి వసారాలో కూర్చుని ఆమె "పేటకు పోవాలి" అన్నదంటే పట్టుచీరలకో పెళ్లి సామానుకో అని మాకు అర్థం. "దండుకు పోవాలి" అంటే మా పెదనాన్నను చూడడానికి. ఆయన సైన్యంలోని ఇంజనీరింగ్ దళం మద్రాస్ సాపర్స్‌లో హవల్దారు, హలసూరు చెరువు పక్కన ఉండేవాడు. పేట, దండు ఒకే ఊరిలోని రెండు భాగాలని నాకు చాలా ఆలస్యంగా, సాంఘిక శాస్త్రం టీచరుగా ఉద్యోగంలో చేరాక గానీ తెలియలేదు. ఆ తరువాత ఇంకొకటి కూడా అర్థమైంది. నాయనమ్మ తప్పు చెప్పలేదు. ఆమె పెళ్లయి పిల్లల్ని ఎత్తుకుని తిరిగిన రోజుల్లో అవి నిజంగానే రెండు ఊళ్లు.

పదవీ విరమణ తరువాత రామమూర్తినగర్‌లో మా అమ్మాయి దగ్గరకు వచ్చి ఎనిమిదేళ్లయింది. ఈ ఎనిమిదేళ్లలో గైడుతో కలిసి ఈ ఊరి చరిత్ర నడకలు చాలా చేశాను. కొన్ని మనసు నింపాయి, కొన్ని నిరాశపరిచాయి. మా బంధువులు, పాత విద్యార్థులు ఎవరు బెంగళూరు వచ్చినా "ఎలా వెళ్లాలి, ఏమి చూడాలి" అని నన్నే అడుగుతున్నారు. వాళ్లకు విడివిడిగా చెబుతున్నదంతా ఇక్కడ ఒకచోట రాస్తున్నాను.

ముందుగా కాస్త చరిత్ర, ఎందుకంటే ఇది తెలియకుండా నడిస్తే కాళ్ల నొప్పులు తప్ప ఏమీ మిగలవు. 1537లో విజయనగర సామంతుడు కెంపేగౌడ మట్టికోట కట్టి, లోపల పేటలు వేసి ఈ ఊరిని నిలబెట్టాడని సంప్రదాయం. ఆ కోటకు దక్షిణాన ఉన్న మరో మట్టికోటను 1761లో హైదరాలీ రాతితో తిరిగి కట్టించాడు. 1799లో శ్రీరంగపట్టణం పడిపోయి, టిప్పు సుల్తాన్ మరణించాక ఇంగ్లీషు సైన్యం అక్కడే మకాం వేసింది. కానీ ఆ ద్వీపంలో జ్వరాలు సైనికులను పీడించాయి. దాంతో 1809లో దండును బెంగళూరుకు తరలించారు. పేటలో దిగలేదు. పేటకు తూర్పున, హలసూరు ఊరి చుట్టూ ఉన్న ఖాళీ నేలలో కొత్త ఊరు వేసుకున్నారు. కన్నడంలోనూ మన తెలుగులోనూ దండు అంటే సైన్యమే కదా. మిడతల దండు, చీమల దండు అంటామే, ఆ మాటే ఆ ఊరి పేరైంది.

1862లో పేటకు ఒక మునిసిపాలిటీ, దండుకు ఒకటి ఏర్పడ్డాయి. 1831 నుంచి తామే ఏలుతున్న మైసూరు రాజ్యాన్ని 1881లో ఇంగ్లీషువారు ఒడెయరు రాజుకు తిరిగి అప్పగించినప్పుడు కూడా దండును మాత్రం తమ చేతిలోనే ఉంచుకున్నారు. సివిల్ అండ్ మిలిటరీ స్టేషన్ అని పేరు పెట్టి, సంస్థానంలో తమ ప్రతినిధి అయిన బ్రిటిష్ రెసిడెంటు కింద నడిపారు. అంటే పేటలో నిలబడితే మహారాజు పాలన. కబ్బన్ పార్కు దాటి అవతల నిలబడితే ఇంగ్లీషువారి పాలన. 1947లో దండు మైసూరు చేతికి వచ్చింది. 1949 డిసెంబర్‌లో రెండు మునిసిపాలిటీలను కలిపి ఒకే కార్పొరేషన్ చేశారు. మధ్యలో గోడ లేదు, ముళ్లకంచె లేదు. అందుకే ఈ విభజనను ఫోటోలో చూపించలేరు. నడిచి తెలుసుకోవలసిందే.

గైడును ఎంచుకోవడం

నేను మొదటిసారి డబ్బు కట్టి వెళ్లిన నడక పేరులో "పాత బెంగళూరు" అని ఉంది. రెండు గంటలు ఎంజీ రోడ్డు చుట్టూ తిప్పారు. చర్చీలు, క్లబ్బులు, పాత బంగళాలు అన్నీ చూపించారు. చివరలో "పేట ఎప్పుడు చూపిస్తారు?" అని అడిగితే, అది వేరే నడక, వేరే రుసుము అన్నారు. ఆ గైడు చెప్పినవాటిలో అబద్ధం ఏమీ లేదు. కానీ సగం ఊరిని చూపి అదే ఊరు అనడం నాకు చాలా బాధ కలిగించింది. పేట మాత్రమే చూపే నడకలూ ఉన్నాయి. పూల మార్కెట్టు, చిక్కపేట చీరలు, టిఫిను, అక్కడితో సరి.

కాబట్టి మీరు అడగవలసిన మొదటి ప్రశ్న ఇది: "మీరు సరిహద్దు దాటిస్తారా?" పేటలో మొదలై దండులో ముగిసే నడక దొరికితే కళ్లు మూసుకుని నమోదు చేసుకోండి. దొరకకపోతే రెండు వేర్వేరు నడకలను వరుసగా రెండు ఆదివారాలు పెట్టుకోండి. ముందు పేట, తరువాత దండు. ఈ వరుస తప్పవద్దు. ముందు దండు చూసిన కళ్లకు పేట ఇరుకుగా, గజిబిజిగా కనిపిస్తుంది. ముందు పేట చూసినవారికి దండు రోడ్లు అంత వెడల్పుగా ఎందుకున్నాయన్న ప్రశ్న దానంతట అదే పుడుతుంది.

వారసత్వ సంరక్షణకు పనిచేసే ఇంటాక్ సంస్థ బెంగళూరు విభాగం వారసత్వ నడకలు నిర్వహిస్తుంది. విడిగా ఈ పని చేసే చరిత్రాభిమానులు, చిన్న సంస్థలు చాలా ఉన్నాయి. ఎవరితో వెళ్లినా గుంపు పదిహేను మందికి మించకూడదు. మించితే మార్కెట్టు సందడిలో వెనకవాళ్లకు ఒక్క మాటా వినపడదు. పదిమంది తెలుగువాళ్లు కలిస్తే మీకోసమే ప్రత్యేకంగా నడక ఏర్పాటు చేయమని అడగవచ్చు. తెలుగు వచ్చిన గైడు కావాలని ముందే చెప్పండి. ఈ ఊళ్లో అది అసాధ్యమేమీ కాదు. రుసుములో ఏమేమి కలిసి ఉన్నాయో, టిఫిను, ప్రవేశ టికెట్టు, మెట్రో చార్జీ అన్నీ ముందుగానే రాతపూర్వకంగా అడిగి తెలుసుకోవాలి.

గైడు ఎంత చదువుకున్నవాడో తెలుసుకోవడానికి నేను ఒక ప్రశ్న అడుగుతాను. బెంగళూరుకు ఆ పేరెలా వచ్చింది? ఆకలితో వచ్చిన రాజుకు ఒక అవ్వ ఉడికించిన గింజలు పెట్టిందనీ, అందుకే "బెంద కాళూరు" అయిందనీ కథ చెప్పి ఆపేస్తే ఆయనకు వినికిడి తెలుసు, అంతే. ఆ కథ చెప్పి, బేగూరు గుడిలో దొరికిన వీరగల్లు (చనిపోయిన వీరుడి స్మారక శిల) శాసనంలో, కెంపేగౌడకు ఆరు వందల ఏళ్లకు పైగా ముందే, "బెంగళూరు" అన్న పేరు ఉందని కూడా చెబితే ఆ మనిషి వెంట ఎంతదూరమైనా నడవవచ్చు. కథ వద్దని నేను అనను. కథను కథగా, శాసనాన్ని శాసనంగా విడదీసి చెప్పగలగడమే గైడు విద్య.

వెళ్లే ముందు

ఆదివారం ఉదయం ఆరున్నరకు మొదలుపెట్టండి. అవెన్యూ రోడ్డులో దుకాణాలు తెరిచాక తలెత్తి చూసే వీలే ఉండదు. మూసి ఉన్నప్పుడైతే పై అంతస్తుల చెక్క వసారాలు, ఇనుప కమ్మీల నగిషీలు, పాత పేర్ల పలకలు కనిపిస్తాయి. పైగా ఆదివారం కబ్బన్ పార్కులోకి వాహనాలు రానివ్వరు. పిల్లలను చెయ్యి వదిలి నడిపించవచ్చు. సెప్టెంబర్, అక్టోబర్ నెలల్లో వానలు ఎక్కువ. జనవరి, ఫిబ్రవరి చాలా హాయిగా ఉంటాయి.

చెప్పుల గురించి గట్టిగా చెబుతున్నాను. మార్కెట్టులో నేల తడిగా, పూల రెక్కలతో జారుడుగా ఉంటుంది. గుళ్ల దగ్గరేమో పదేపదే విప్పాలి. అందుచేత మడమకు పట్టీ ఉండి, అడుగు జారని చెప్పులు మంచివి. లేసుల బూట్లతో వచ్చిన మా తమ్ముడు ప్రతి గుడి దగ్గరా వెనకబడి, గైడు మాటల్లో మూడోవంతు పోగొట్టుకున్నాడు. నీళ్ల సీసా, టోపీ, చిల్లర డబ్బులు పెట్టుకోండి. ఆడవాళ్లకు మరుగుదొడ్డి అవసరం పెద్ద చింత కదా. మెట్రో స్టేషన్లలో ఉంటాయి, అందుకే నేను నడకను ఒక మెట్రో స్టేషన్ నుంచి మరో మెట్రో స్టేషన్‌కు వచ్చేలా చూసుకుంటాను.

ఇంకొకటి తప్పనిసరి. ఒక చిన్న నోటు పుస్తకం. పేజీ మధ్యలో నిలువుగా గీత గీసి, ఎడమవైపు పేట, కుడివైపు దండు అని రాయండి. ఎందుకో తరువాత చెబుతాను.

పేటలో

కృష్ణరాజేంద్ర మార్కెట్ మెట్రో స్టేషన్ దగ్గర దిగండి. అక్కడికి దగ్గరలోనే హైదరాలీ రాతికోటలో మిగిలిన ముక్క ఉంది. ఢిల్లీ గేటు అంటారు. అంత పెద్ద కోటలో ఒక ద్వారం, రెండు బురుజులు, కాస్త గోడ మాత్రమే మిగిలాయి. లోపల చిన్న వినాయకుడి గుడి ఉంది. మరీ తెల్లవారుజామున వెళితే తాళం వేసి ఉండవచ్చు. అలాగైతే ముందు పూల మార్కెట్టు చూసి వెనక్కి రండి.

ఇక్కడ గైడును తొందరపడనివ్వకండి. 1791లో ఇంగ్లీషు గవర్నర్ జనరల్ కార్న్‌వాలిస్ సైన్యం మార్చి 7న పేటను, మార్చి 21 రాత్రి కోటను పట్టుకుంది. ఈ రెండు తేదీల మధ్య రెండు వారాలు గడిచాయి. పేట పోయింది, కోట ఇంకా టిప్పు చేతిలో ఉంది. ఆ రెండు వారాలూ పేట జనం ఏమై ఉంటారు అని అడగండి. జవాబు పూర్తిగా రాకపోవచ్చు. అయినా ఆ ప్రశ్నతో మొదలైన నడక వేరుగా ఉంటుంది. కోట గోడకు గండి పడిన చోటును గుర్తు చేస్తూ ఇంగ్లీషువారు పెట్టిన ఫలకం ఉంది. ఎక్కడుందో చూపించమనండి.

ఈ మిగిలిన కోట ముక్కకు దక్షిణంగా కొద్ది దూరంలో టిప్పు వేసవి భవనం, దాని పక్కనే చిక్కదేవరాజ ఒడెయరు కట్టించిన కోటె వెంకటరమణస్వామి గుడి. భవనం స్తంభాలు, కమానులు అన్నీ టేకుతో చేసినవి. 1791లో పూర్తయింది. అంటే ఏ ఏడు పూర్తయిందో ఆ ఏడే ఊరు చేతులు మారింది. 1831లో ఇంగ్లీషువారు మైసూరు పాలనను నేరుగా తీసుకున్నాక వాళ్ల కచేరీలు ఇందులోనే నడిచాయి. 1868లో కొత్త భవనానికి వెళ్లిపోయాయి. ఆ కొత్త భవనాన్ని మనం మధ్యాహ్నానికి చూస్తాం కాబట్టి ఈ సంగతి నోటు పుస్తకంలో రాసి పెట్టుకోండి.

మార్కెట్టును దాటి ఉత్తరానికి తిరిగితే అవెన్యూ రోడ్డు. దీని పాత పేరు దొడ్డపేట, పెద్దపేట అని. దీనికి అడ్డంగా వచ్చేది చిక్కపేట, చిన్నపేట. ఈ రెండూ కలిసే కూడలిలో నిలబడండి. ఇక్కడి నుంచే నాలుగు జతల ఎడ్లను నాలుగు దిక్కులకూ తోలారనీ, నాగలి చాలు పడినంత మేరా వీధులయ్యాయనీ చెబుతారు. ఆ నాలుగు వీధుల చివర్లలో నాలుగు వాకిళ్లు: హలసూరు, యలహంక, సొండెకొప్ప, ఆనేకల్లు. కెంపేగౌడ తెలుగులో ఒక యక్షగానం రాశాడని కూడా ప్రసిద్ధి. నేను ఈ మాట చెప్పినప్పుడల్లా మావాళ్ల ముఖాలు వెలుగుతాయి.

ఈ సందుల్లో మీకొక గొప్ప సౌలభ్యం ఉంది, తెలుగు చెవి. పేటల పేర్లు కన్నడంలో ఉన్నా చాలావాటిని గైడు చెప్పకముందే పట్టుకోవచ్చు. గాణిగరపేటె అనగానే గానుగ వినిపిస్తుంది. కుంబారపేటెలో కుమ్మరి, ఉప్పారపేటెలో ఉప్పరి ఉన్నారు. అక్కిపేటె బియ్యం వీధి, బళేపేటె గాజుల వీధి, అరళెపేటె దూది వీధి. పిల్లలతో వెళితే పలక చూసి పేరు చదివించి, అర్థం వాళ్లనే ఊహించమనండి. మా మనవడు బెంగళూరులోనే పుట్టి పెరిగాడు. కన్నడం చదవగలడు, తెలుగు మాట్లాడగలడు. ఈ రెండింటినీ కలిపి ఒక మాటను విప్పడం వాడు మొదటిసారి చేసింది కుంబారపేటె పలక కిందే. "అమ్మమ్మా, కుండలు!" అని వాడు అరిచిన అరుపు నాకింకా చెవిలో ఉంది.

దుకాణదారులతో మాట్లాడండి. ముందు కన్నడంలో పలకరించండి, అది మర్యాద. "నమస్కార, ఎష్టు?" చాలు. తరువాత చాలామంది వాళ్లంతట వాళ్లే తెలుగులోకి మారతారు. తరతరాలుగా ఇక్కడ తెలుగు మాట్లాడే వర్తకులు, నేతగాళ్లు ఉన్నారు. ఒకసారి మల్లెపూలు అమ్మే ఆమె నన్ను "ఏ ఊరక్కా?" అని అడిగింది. హిందూపురం అన్నాను. తన తల్లిది పెనుకొండ అని చెప్పి, మూర పూలు ఎక్కువే కొలిచి ఇచ్చింది.

తిగళరపేట దగ్గర ధర్మరాయస్వామి గుడికి తప్పకుండా తీసుకెళ్లమనండి. చైత్ర పౌర్ణమి రాత్రి ఇక్కడి నుంచే కరగ బయలుదేరుతుంది. ద్రౌపదమ్మను కొలిచే తిగళ సముదాయం వారి పండుగ. పూలతో గోపురంలా అలంకరించిన కరగ కుండను తల మీద నిలిపి, చేత్తో పట్టుకోకుండా, తెల్లవార్లూ పేట వీధులు తిరుగుతారు. ఊరేగింపు కాటన్‌పేటలో తవక్కల్ మస్తాన్ దర్గా దగ్గర ఆగుతుంది. పండుగ రోజుల్లో నడక పెట్టుకుంటే గుంపులో గైడు మాట వినపడదు. కరగను మరో రాత్రి విడిగా వెళ్లి చూడండి.

టిఫిను ఇక్కడే చేయండి. ఉదయం పేటలో ఇడ్లీ, ఖారాబాత్ ఏ చిన్న హోటల్లోనైనా బాగుంటాయి. మాంసాహారులైతే దొన్నె బిర్యానీ అడగండి. దొన్నె అన్న మాట మనదీ వాళ్లదీ ఒకటే.

గీత దాటే చోటు

నడక మొత్తంలో నాకు ప్రాణమైన భాగం ఇదే. చాలామంది గైడ్లు ఇక్కడ ఆటో ఎక్కిస్తారు. మీరు ఒప్పుకోకండి. ఇది నడవకపోతే మిగతాదంతా రెండు వేర్వేరు ఊళ్ల బొమ్మలు చూసినట్టే ఉంటుంది.

ధర్మరాయస్వామి గుడి నుంచి తూర్పుగా వస్తే హలసూరు గేటు ప్రాంతం. ఇప్పటికీ ఆ పేరుతో పోలీస్ స్టేషన్ ఉంది. హలసూరేమో ఇక్కడికి చాలా దూరం. కొత్తవాళ్లు తికమకపడతారు. ఇది హలసూరులో ఉన్న గేటు కాదు, హలసూరు వైపు తెరుచుకునే పేట వాకిలి. 1791 మార్చి 7న ఇంగ్లీషు సైన్యం పేటలోకి చొచ్చుకువచ్చింది ఈ వాకిలి గుండానే. ఆ యుద్ధంలో చనిపోయిన తమవారి కోసం వాళ్లు దగ్గరలో ఒక స్మారకం నిలిపారు. అలాంటి స్మారకాన్ని ఇంగ్లీషులో సెనోటాఫ్ అంటారు, అందువల్ల ఇప్పటి నృపతుంగ రోడ్డును ఒకప్పుడు సెనోటాఫ్ రోడ్డు అనేవారు. ఆ స్తంభాన్ని 1964లో తొలగించారు. ఉన్నవాటిని ఎవరైనా చూపిస్తారు, తీసేసినవాటి చోటు చూపించే గైడు అరుదు. అడగండి.

హడ్సన్ సర్కిల్ దాటి కంఠీరవ స్టేడియం వైపు నడవండి. మీరు నడుస్తున్నది ఒకప్పటి చెరువు నేల మీద. సంపంగి చెరువు ఇక్కడే ఉండేది. పేటకూ దండుకూ మధ్య హద్దుగా, ఇటువాళ్లకూ అటువాళ్లకూ కనిపించే నీళ్లుగా ఉండేది. స్టేడియం కట్టాక చెరువులో చిన్న మడుగు మాత్రం మిగిలింది. అది ఎందుకు మిగిలిందో తెలుసా? కరగ పూజలు ఆ నీటి దగ్గర జరగాలి. అంత పెద్ద చెరువును పూడ్చగలిగిన ఊరు, పండుగకు కావలసినంత నీటిని మాత్రం వదిలిపెట్టింది. ఇక్కడ రెండు నిమిషాలు ఎవరూ మాట్లాడకుండా నిలబడమని నేను గైడును కోరతాను. ఎవరూ ఇంతవరకు కాదనలేదు.

అక్కడి నుంచి కబ్బన్ పార్కు. 1870లో ఇంగ్లీషు ఇంజనీరు రిచర్డ్ సాంకీ రూపొందించాడు. రెండు ఊళ్ల మధ్య ఉన్న ఖాళీని తోటగా మార్చారని నేను పిల్లలకు చెబుతాను. పార్కు అంచున ఎర్రటి పొడవాటి భవనం అట్టార కచేరి, ఇప్పటి హైకోర్టు. అఠారా అంటే పద్దెనిమిది, పద్దెనిమిది శాఖల కచేరీలు ఒకచోట పెట్టారు కాబట్టి ఆ పేరు. పొద్దున టిప్పు భవనం దగ్గర రాసుకున్న మాట ఇప్పుడు తీసి చదవండి. అక్కడి టేకు స్తంభాల మధ్య నుంచి కాగితాల కట్టలు, గుమాస్తాలు, అర్జీదారులు అందరూ 1868లో ఇక్కడికి వచ్చారు. పేట జనం న్యాయం కోసం, పన్నుల కోసం అంతవరకు కోట దాకా వెళ్లేవారు, ఆ తరువాత దండు అంచు దాకా నడవవలసి వచ్చింది. మీరు ఇప్పుడు నడిచిన దూరమే అది. ఎదురుగా 1956లో పూర్తయిన విధానసౌధ, కర్ణాటక శాసనసభ భవనం. న్యాయస్థానం లోపలికి వెళ్లలేం, భద్రతా సిబ్బంది చెప్పినచోట ఫోటోలు తీయవద్దు.

పార్కు తూర్పు కొసన, ఎంజీ రోడ్డు మొదలయ్యే చోట, విక్టోరియా రాణి పాలరాతి విగ్రహం. 1906లో ఆవిష్కరించారు. రెండు ఊళ్ల సరిహద్దు ఇక్కడే. ఆమె దగ్గర ఫోటో దిగడం కంటే, విగ్రహం పక్కన నిలబడి ఒకసారి పడమటికి, ఒకసారి తూర్పుకు తిరిగి చూడండి. పడమట చెట్లు, వాటి వెనక ఎక్కడో మీరు పొద్దున వదిలివచ్చిన సందులు. తూర్పున తిన్నటి విశాలమైన రోడ్డు.

దండులో

ఆ విశాలమైన రోడ్డు పాత పేరు సౌత్ పరేడ్. పక్కన పరేడ్ మైదానం ఉంది కాబట్టి. ఊరు ఎందుకు ఇలా పరుచుకుని ఉందో ఆ మైదానం చూస్తే తెలుస్తుంది. పేటను నాగలి చాలు కొలిచింది, దండును కవాతు కొలిచింది. మద్రాసు ఇంజనీరు జాన్ బ్లేకిస్టన్ దండును గీసినప్పుడు సైన్యానికి కావలసిన ఎడం వదిలాడు. పడమటి కొసన సెయింట్ మార్క్స్ కేథడ్రల్, తూర్పు కొసన ట్రినిటీ చర్చి. ఇక్కడ నేను వేగంగా నడుస్తాను. చర్చిల నిర్మాణ విశేషాలు ఏ గైడైనా చక్కగా చెబుతాడు. తరువాత బ్రిటన్ ప్రధాని అయిన విన్‌స్టన్ చర్చిల్ ఈ ఊళ్లో సైన్యంలో ఉద్యోగం చేసి, క్లబ్బుకు 13 రూపాయలు బాకీ పెట్టాడన్న కథ కూడా తప్పక చెబుతారు. వినండి, కానీ ఆ తరువాత అడగండి: దండులో సామాన్యుడు ఎవరు? ఇళ్లు ఎవరు కట్టారు, గుర్రాలకు గడ్డి ఎవరు కోశారు?

వాళ్లలో ఎక్కువమంది మద్రాసు వైపు నుంచి వచ్చిన తమిళులు, తెలుగువారు, దక్కనీ ఉర్దూ మాట్లాడే ముసల్మానులు. మద్రాసు సైన్యంలో తెలుగువాళ్లు మొదటి నుంచీ ఉన్నారు. 1780లో పుట్టిన మద్రాస్ సాపర్స్ కేంద్రం ఇప్పటికీ హలసూరు చెరువు పక్కనే ఉంది. బ్రిగేడ్ రోడ్డు, రెసిడెన్సీ రోడ్డు కలిసేచోట మొదటి ప్రపంచ యుద్ధంలో చనిపోయిన పయనీరు దళంవారి (సైన్యానికి దారులు వేసే దళం) స్మారక స్తంభం ఉంది. చుట్టూ బట్టల దుకాణాల వెలుగులు, వాటి మధ్య ఆ రాయి. చాలా నడకలు దాని ముందు నుంచి ఆగకుండా వెళ్లిపోతాయి. మీరు ఆపించండి. మా పెదనాన్న ఆ యుద్ధం నాటివాడు కాడు. అయినా నేను అక్కడికి వెళ్లిన ప్రతిసారీ రెండు మూరల పూలు పెట్టి వస్తాను, పొద్దున పేటలో కొన్నవే.

ఓపిక ఉంటే మెట్రోలో హలసూరు వెళ్లి సోమేశ్వరస్వామి గుడి చూడండి. దండు రావడానికి ఎన్నో తరాల ముందే ఆ ఊరు, ఆ గుడి ఉన్నాయి. ఖాళీ నేలలో ఇంగ్లీషువారు ఊరు కట్టారని పైన రాశాను కదా, అది వాళ్ల లెక్క ప్రకారం ఖాళీ. ఆ గుడి గోపురం కింద నిలబడితే ఆ మాటను కాస్త సవరించుకోవాలి అనిపిస్తుంది.

శివాజీనగర్ వైపు వెళ్లే నడకలు రస్సెల్ మార్కెట్టు, సెయింట్ మేరీస్ బసిలికా చూపిస్తాయి. అది కూడా మంచి దారే.

ఇప్పుడు నోటు పుస్తకం తీయండి. ఎడమ వరుసలో కృష్ణరాజేంద్ర మార్కెట్టు, 1928 అని ఉంటుంది. కుడి వరుసలో రస్సెల్ మార్కెట్టు, 1927. ఎడమవైపు విక్టోరియా ఆసుపత్రి, కుడివైపు బౌరింగ్ ఆసుపత్రి. ఎడమవైపు సిటీ రైల్వే స్టేషన్, కుడివైపు కంటోన్మెంట్ స్టేషన్. ఎడమవైపు లాల్‌బాగ్, కుడివైపు కబ్బన్ పార్కు. ఒకే ఊరికి రెండేసి ఎందుకున్నాయన్న ప్రశ్నకు ఇంతకంటే తేలికైన జవాబు నా పాతికేళ్ల పాఠాల్లో నేను చెప్పలేకపోయాను. మా మనవడు మొదటి నడకలో పదకొండు జంటలు రాశాడు. ఒకవైపు ఉండి రెండోవైపు లేనివాటికి ఎర్ర సిరాతో చుక్క పెట్టాడు. కరగ పక్కన పెట్టిన చుక్క చూసి గైడు వాడికి ఒక పూట పాఠమే చెప్పాడు.

పెద్దవయసువాళ్లను తీసుకెళ్లేవారికి ఒక మాట. ఈ దారంతా కలిపి ఆరేడు కిలోమీటర్లు, ఆగుతూ వెళితే ఐదు గంటలు పడుతుంది. మోకాళ్ల నొప్పులున్నవారు పేటలోని సందులు తగ్గించుకుని, చెరువు నుంచి విగ్రహం వరకు ఉన్న భాగాన్ని మాత్రం నడవాలి. పార్కులో కూర్చోవడానికి బల్లలు బోలెడు. నడక అయ్యాక గైడుకు డబ్బు ఇవ్వడంతో ఊరుకోకుండా, ఏ చోట బాగా చెప్పారో, ఏ చోట ఇంకా వినాలనిపించిందో ముఖాముఖి చెప్పండి. పేట, దండు రెండూ ఒకే నడకలో కావాలని అడిగేవాళ్లు పెరిగితే అలాంటి నడకలు పెరుగుతాయి.

చివరి మజిలీగా నేను కంటోన్మెంట్ స్టేషన్ పెట్టుకుంటాను. 1864లో ఈ ఊరికి మొదటి రైలు వచ్చింది పేటకు కాదు, ఇక్కడికే. హలసూరు నుంచి ఆటోలో వెళ్లవచ్చు. కాస్త నెరిసిన జుట్టున్న డ్రైవరును చూసి, కంటోన్మెంట్ అనకుండా "దండు స్టేషన్‌కు వస్తారా?" అని అడగండి. వస్తానంటే, వాళ్ల పెద్దలది ఏ పేటో దారిలో కనుక్కోండి.